బ్రేకు ఖలాస్

రాజం మునీంద్రని చంపాలనుకున్నాడు. దాచుకోవడం దేనికి, ఉన్న మాట ముందే చెప్పుకుంటే మంచిది. అది కోపంలో నోరు జారిన మాట కాదు. పొద్దున్నే పళ్లు తోముకుంటూ, కంపెనీ బస్సులో కిటికీ పక్కన కూర్చుని, అన్నంలో పప్పు కలుపుకుంటూ తీరిగ్గా అనుకునే మాట. జగిత్యాల నుంచి కువైట్ వచ్చిన ఫిట్టరు, ఎవరి జోలికీ పోని మనిషి, అలా తయారయ్యాడంటే దానికి కారణం తమ్ముడు భూమేశ్ కుడిచెయ్యి. ఆ చెయ్యి ఇప్పుడు లేదు.

రెండేళ్ల కిందట అన్నదమ్ములిద్దరూ షుఐబా రేవు దగ్గర ఒకే కంపెనీలో పనిచేసేవారు. వాళ్ల సూపర్‌వైజరు మునీంద్ర. చిత్తూరు వైపు మనిషి, ఇరవై ఏళ్లుగా ఇక్కడే పాతుకుపోయాడు. ఒకరోజు భూమేశ్ ఫోర్క్‌లిఫ్ట్ దిగి, ఎదురొచ్చిన మునీంద్రతో "సార్, బ్రేకు ఖలాస్" అన్నాడు. భూమేశ్ వాళ్ల ఊళ్లో ఖలాస్ అంటే పోయింది, చచ్చింది, ఇక పనికిరాదు అని. కువైట్‌లో ఖలాస్ అంటే పని పూర్తయింది, ఇక కానివ్వు అని. మునీంద్ర తలూపి బండెక్కాడు. రిపేరు షెడ్డుకి తీసుకెళ్తున్నాడు కాబోలు అనుకుని భూమేశ్ గోడ దగ్గర పెట్టెలు సర్దుకుంటున్నాడు. మునీంద్ర బండిని షెడ్డుకి తీసుకెళ్లలేదు, బరువెత్తి వాలులోకి తోలాడు. బ్రేకు పడలేదు. బండికీ గోడకీ మధ్య భూమేశ్ చెయ్యి నలిగిపోయింది, ఆస్పత్రిలో తీసేశారు.

విచారణ చేసింది కంపెనీ సేఫ్టీ ఆఫీసరు అల్లాబకష్. రాయచోటి ఆయన. ఆయన ముందు మునీంద్ర ఎంత అమాయకంగా నిలబడ్డాడనుకున్నారు!

"వాడే గదా సార్ ఖలాస్ అనింది. ఈ దేశంలో ఖలాస్ అంటే పని అయిందని. నాకు ఇంకో అర్థం తెలీనే తెలీదు" అన్నాడు.

అంతే. తప్పు భూమేశ్ నెత్తిన పడింది. మొండి చేతికి కట్టుతో విమానం ఎక్కించి పంపేశారు. మునీంద్ర చేతులు దులుపుకుని మర్నాడు పనిలోకి వచ్చాడు.

తెలీదట! తెలంగాణ వాళ్లు పొద్దున లేచిన దగ్గర్నుంచి బల్బు ఖలాస్, టైరు ఖలాస్, నడుము ఖలాస్ అంటూనే ఉంటారు. ఇరవై ఏళ్లు వాళ్ల మధ్య తిరిగినవాడు చెవుల్లో దూది పెట్టుకున్నాడా? ఎవరి చెవిలో పువ్వులు పెడతాడు? రాజానికి అనుమానం లేదు. అయితే మనిషి మనసులో ఏం తెలుసో ఏం తెలియదో ఎవడు తీసి చూపించగలడు?

చెయ్యి పోయిన బాధకన్నా ఇంకోటి తమ్ముణ్ణి తినేస్తోంది. భూమేశ్ భార్య మంగ ఫోనులో అదే చెప్పేది. "బావా, ఈయన మాట్లాడుడే బంద్ చేసిండు. మాట నోటిదాక వస్తది, మళ్ల మింగుతడు. చాయ్ కావాల్నన్నా సైగ చేస్తున్నడు."

భూమేశ్ ఫోను అందుకుంటే ఒకటే పాట. "తప్పు నాదేనే అన్నా. కరాబైంది అంటే అయిపోతుండె. ఒక్క మాట సక్కగ చెప్పరాకపాయె నాకు."

ఆ మాట విన్నప్పుడల్లా రాజానికి ఒకటే అనిపించేది. చెయ్యి తీసుకున్నవాడు చెయ్యితో ఊరుకోలేదు, నోరు కూడా పట్టుకుపోయాడు. ఆ నోటి కోసమే మునీంద్ర చావాలి.

అలాంటి రోజుల్లో ఒక పాత ఇంజను ఓడ దిగింది.

దాని యజమాని అబూ ఫహద్ అనే ముసలాయన. కువైటీ. చిన్నతనంలో ఇంగ్లాండులో చదువుకుంటూ, చదువుకన్నా ఎక్కువగా రైల్వే స్టేషన్లలో నిలబడి డీజిల్ ఇంజన్లు చూసినవాడు. రైలే లేని దేశంలో పుట్టినవాడికి ఆ పిచ్చి ఎలా పట్టుకుందో గానీ పట్టుకుంది. అక్కడి యార్డులో రైలుపెట్టెలు అటూ ఇటూ తోసి పాతబడ్డ ఒక షంటింగ్ ఇంజనును కొని తెప్పించి, షుఐబాలో తన సొంత స్థలంలో కాస్త దూరం పట్టాలు వేయించాడు. దాన్ని బాగుచేసే పని రాజం వాళ్ల కంపెనీకి వచ్చింది, పెత్తనం మునీంద్రకి వచ్చింది. రాజం అడిగి మరీ ఆ పనిలో చేరాడు. శత్రువుకి దగ్గరగా ఉండాలి కదా.

చాయ్ వేళకి అబూ ఫహద్ వచ్చి చెక్కపెట్టె మీద కూర్చునేవాడు. పాతకాలం మనిషి, ఉర్దూ బాగానే వచ్చు. ఇంజన్ల కథలు మొదలుపెట్టాడంటే చాయ్ చల్లారిపోవలసిందే. ఇంగ్లాండులో మొదటి పెద్ద డీజిల్ ఇంజను పందొమ్మిది వందల నలభై ఏడు చివర్లో వచ్చిందట. నల్లరంగు, వెండి చారలు. అంత గొప్పదాన్ని దాచుకోవాలన్న బుద్ధి ఎవరికీ పుట్టలేదు, తుక్కు కింద కోసేశారు. ఆ మాట చెబుతున్నప్పుడు ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి. తర్వాత వాళ్లకి తొందర పట్టుకుంది. బొగ్గు మానెయ్యాలి, వెంటనే మానెయ్యాలి అని దొరికిన ప్రతి కార్ఖానాకీ డీజిళ్లు చెయ్యమని పురమాయించారు. సరిగ్గా తోలి చూసిందీ లేదు, పరీక్షించిందీ లేదు. ఒక రకం పొగ కక్కేది. ఇంకో రకానికి దారిలోనే మంటలంటుకునేవి. ఒకచోట జర్మనీ వాళ్ల పద్ధతిలో నూనె ఒత్తిడితో నడిచేవి చేశారు, చూడముచ్చటగా ఉండేవి, అవీ నిలవలేదు. కొన్నయితే పట్టుమని పదేళ్లు తిరక్కుండానే తుక్కులోకి పోయాయి.

"మరి మంచివి లేవా బాబా?" అని రాజం అడిగాడు.

"ఎందుకు లేవు? యుద్ధపు పడవల కోసం చేసిన ముక్కోణం ఆకారపు ఇంజన్లు తెచ్చి ఒకదానికి పెట్టారు. అది వస్తుంటే ప్లాట్‌ఫారం కాళ్ల కింద వణికేది. తర్వాత గంటకి రెండు వందల కిలోమీటర్లు పోయే రైలు చేశారు. కానీ ఇదుగో, ఇది చూడు." అబూ ఫహద్ షంటింగ్ ఇంజను పొట్ట మీద చెయ్యి వేశాడు. "సైకిల్ మీద పోయేవాడు దీన్ని దాటిపోతాడు. వెనకటికి అందరూ నవ్వేవాళ్లు. దీనితో పుట్టినవి కొన్ని ఇవాళ్టికీ అక్కడి యార్డుల్లో పెట్టెలు తోస్తున్నాయి. తొందరపడ్డవాటిని తుక్కుకి లాక్కెళ్లింది కూడా ఇవే."

ఈ మాట రాజానికి బాగా నచ్చింది.

ఇంకోరోజు, డీజిల్ ఇంజను చక్రాలను ఎలా తిప్పుతుందని అడిగితే ముసలాయన నవ్వాడు. "లా, లా, కాదు. దీంట్లో డీజిలు చక్రాన్ని ముట్టుకోనే ముట్టుకోదు. అది కరెంటు పుట్టిస్తుంది. కరెంటు మోటార్లను తిప్పుతుంది. మోటార్లు చక్రాలను తిప్పుతాయి. బలం ఒకచోట, కదిలేది ఇంకోచోట."

రాజం చాయ్ గ్లాసు నోటిదాకా తీసుకెళ్లి ఆగిపోయాడు. నిజమే కదా. తను మునీంద్రని ముట్టుకోవడం దేనికి? చేత్తో చేస్తే జైలు. నడుమ ఒక మాట చాలు. ఆ రోజు తమ్ముడి చేతిని తీసింది ఏ మాటో, అదే మాట.

ఫిబ్రవరిలో కువైట్ జాతీయ దినం సెలవుల్లో ఒక సాయంత్రం ఇంజను నడిపి చూపించడానికి ముహూర్తం పెట్టారు. అబూ ఫహద్ బంధువులు, పాత స్నేహితులు కార్లలో దిగారు. పిల్లలు గుడ్లప్పగించి చూస్తున్నారు. కంపెనీ తరఫున అల్లాబకష్ కూడా వచ్చి నిలబడ్డాడు. మునీంద్ర కొత్త ఓవరాల్ తొడుక్కుని, నల్లకళ్లద్దాలు పెట్టుకుని, పెళ్లికొడుకు వేషంలో తిరుగుతున్నాడు. నడిపేది తనేనని, పక్కన ఇంకెవరూ ఎక్కొద్దని ముందే చెప్పేశాడు. ఫోటోలో ఒక్కడే పడాలి మరి.

ఆ మధ్యాహ్నం రాజం ఒక్కడే ఇంజనును చివరిసారి చూశాడు. గాలిబ్రేకు పైపులో రబ్బరు వాషరు ఎండి పగిలిపోయింది. మీటరు ముల్లు చూస్తే గాలి నిండుగానే ఉన్నట్టు ఉంటుంది, బ్రేకు లాగితే మాత్రం బుస్సుమని పోతుంది. చేతిబ్రేకు తీశాక యాభై టన్నుల ఇనుమును ఆపేది ఆ గాలి ఒక్కటే. పట్టాలు కొంచెం వాలుగా వెళ్లి ఒక చెక్కమొద్దు దగ్గర ఆగిపోతాయి. దాని వెనక లోతైన సిమెంటు కాలువ.

కొత్త వాషరు రాజం జేబులో ఉంది. అతను దాన్ని వెయ్యలేదు.

ఏదీ చెడగొట్టలేదు, ఏదీ ఊడదియ్యలేదు. వెయ్యలేదు, అంతే. తర్వాత పట్టాల పక్క పొడుగునా తాడు కట్టి, పిల్లల్ని, పెద్దల్ని దాని వెనక్కి దూరంగా నిలబెట్టాడు. అతనికి కావలసింది ఒక్కడే.

ఇంజను స్టార్టయింది. గుడగుడమని మోత, నేలంతా అదురుతోంది. మునీంద్ర మెట్టు మీద ఒక కాలు పెట్టి, కడ్డీ పట్టుకుని, రోజూ అడిగినట్టే అడిగాడు.

"ఏం రాజం, బ్రేకు?"

రాజం గుడ్డతో చేతులు తుడుచుకుంటూ చెప్పాడు. "ఖలాస్ సార్."

అబద్ధం ఏముంది ఇందులో? అచ్చంగా తమ్ముడు చెప్పిన మాటే. రాజానికి ఎన్నాళ్లకో నవ్వు వచ్చింది, ఆపుకోలేకపోయాడు.

ఆ నవ్వు మునీంద్ర చూశాడు. రెండేళ్లలో ఈ మనిషి తన మొహం చూసి నవ్వింది లేదు. పైకి పెట్టిన కాలు కిందికి దించాడు.

"ఏ ఖలాస్?"

"ఖలాసే సార్."

"అది కాదు రాజం." ఇంజను మోతలో వినపడదని మునీంద్ర గొంతు పెంచి అరిచాడు. "మీ ఊరి ఖలాసా, ఈ దేశం ఖలాసా? అయిందనా, పోయిందనా? సరిగ్గా చెప్పి చావు!"

తాడు దగ్గర నిలబడ్డ అల్లాబకష్ తల తిప్పి చూశాడు.

రాజానికి ఒక క్షణం ఏమీ అర్థం కాలేదు. కాలువలో పడ్డ ఇంజను కళ్ల ముందు కనిపిస్తూనే ఉంది. ఇంకొక్క అబద్ధం చాలు, 'ఈ దేశం ఖలాసే సార్' అంటే చాలు, మునీంద్ర ఎక్కేస్తాడు. అంతలోనే చెవిలో పడ్డ మాట లోపలికి దిగింది. వీడు అడుగుతున్నాడు. వీడికి రెండూ తెలుసు. తమ్ముడి చేతి దగ్గర అడగని వాడు, తన ప్రాణం దగ్గరికి వచ్చేసరికి అడుగుతున్నాడు.

చచ్చినవాడు సాక్ష్యం చెప్పడు. బతికి ఉన్నవాడే చెప్పాలి.

"మా ఊరి ఖలాసే సార్." రాజం కూడా అరిచాడు, అందరికీ వినపడేలాగ. "బ్రేకు పోయింది. రెండు ఖలాసులున్నయని మీకు తెల్సా సార్? ఎప్పటిసంది తెల్సు?"

ఎవరో ఇంజను ఆపారు. ఆ నిశ్శబ్దంలో అల్లాబకష్ తాడు దాటుకుని వచ్చాడు.

"ఇంకో అర్థం తెలీనే తెలీదంటివి గదా మునీంద్రా, నా ముందర?"

"అది... అట్లా గాదు సార్..." మునీంద్ర నీళ్లు నమిలాడు. నల్లకళ్లద్దాలు తీశాడు, మళ్లీ పెట్టుకున్నాడు. "ఆ పొద్దు ఓడ కాసుకోని ఉండె సార్. షెడ్డుకి పంపిస్తే పని నిలబడిపోతాది. మెల్లగా తోలుకుంటే ఏం గాదులే అనుకున్న్యా."

అడ్డంగా దొరికిపోయాడు. తన నోటితోనే దొరికిపోయాడు. రాజం రెండు చేతులా పట్టుకుని గొంతు పిసకాలన్నంత కోపంతోనూ, ఎగిరి గంతెయ్యాలన్నంత సంతోషంతోనూ ఊగిపోయాడు.

ఏం జరిగిందో అల్లాబకష్ ఉర్దూలో వివరించాక అబూ ఫహద్ మెల్లగా రాజం దగ్గరికి నడిచి వచ్చాడు. "కొత్త వాషరు ఉందా?" అన్నాడు. రాజం జేబులోంచి తీసి ఇచ్చాడు. ముసలాయన దాన్ని చూశాడు, దూరంగా కట్టిన తాడును చూశాడు, రాజం మొహం చూశాడు. ఆయనకి అంతా అర్థమైంది.

"నా ఇంజనుతోనా?" అన్నాడు.

"అవ్ బాబా" అన్నాడు రాజం. తల దించుకోలేదు.

అల్లాబకష్ నిట్టూర్చాడు. "పాత విచారణ మళ్లీ తెరిపిస్తా రాజం. అయితే నువ్వు కూడా జవాబు చెప్పుకోవాల్సి వస్తాది. ఉద్యోగం ఉండదేమో."

"ఏం చేస్కుంటరో చేస్కోన్రి సార్. ముందుగాల నేనొక ఫోన్ చేస్కోవాలె."

షెడ్డు వెనక్కి వెళ్లి నంబరు కలిపాడు. మంగ ఎత్తింది. భూమేశ్‌కి ఇమ్మన్నాడు. అటువైపు ఊపిరి వినిపిస్తోంది గానీ మాట లేదు. రాజం జరిగిందంతా చెప్పాడు. తను చంపబోయిన సంగతి కూడా దాచలేదు. మునీంద్ర అడిగిన ప్రశ్నను మాత్రం రెండుసార్లు చెప్పాడు.

"అన్నా." భూమేశ్ గొంతు ఎక్కడో అడుగు నుంచి వచ్చినట్టు వచ్చింది. "అయితే ఆనాడు నేను సక్కగనే చెప్పిన్నా?"

"సక్కగనే చెప్పినవ్ తమ్మీ" అన్నాడు రాజం. "వాడు సక్కగనే ఇన్నడు."