గుర్తులేదన్న కాగితం

బత్కెన్ పట్టణం దగ్గరి ఒక ఊళ్లో ముప్పై ఏళ్లు పంచాయతీ గుమస్తాగా చేసిన బురుల్ మాటంటే అందరికీ గురి. అందుకే జిల్లా కోర్టులో ఆమె "అలాంటి కాగితం రాసినట్టు నాకు గుర్తులేదు" అనగానే కేసు తేలిపోయింది. వాగు పక్కనున్న ఆప్రికాట్ తోట ఆమె తమ్ముడు మెదెర్‌కు దక్కింది. తోట తనదని కేసు వేసిన పొరుగింటి జూరా అప్పటికే భర్తను పోగొట్టుకుంది, ఇప్పుడు తోటా పోయింది.

కాగితం మాత్రం బురుల్ పెట్టెలో, పరుపుల కింద భద్రంగా ఉంది. సమష్టి వ్యవసాయ క్షేత్రాలు రద్దయి భూములు ఇంటింటికీ పంచిన ఏడాది జూరా భర్త తన గోధుమ పొలాన్ని బురుల్ తండ్రికి ఇచ్చి, బదులుగా ఆ తోట తీసుకున్నాడు. ఆ ఒప్పందం రాసింది బురులే. తల్లి పోయాక తన చేతుల మీద పెరిగిన తమ్ముడు "అక్కా, నువ్వు నోరు విప్పితే నేను వీధిన పడతాను" అని కాళ్లు పట్టుకుంటే కాదనలేకపోయింది.

జూరా అప్పీలుకు వెళ్లింది. ఆ రోజుల్లోనే ఊళ్లో ఒకరింట్లో చావు జరిగితే బురుల్ పలావు పళ్లెంతో వెళ్లింది. గుమ్మం దాటబోతుంటే లోపల ఆడవాళ్ల మాటలు వినబడ్డాయి.

"తమ్ముడి కోసం కోర్టులో అబద్ధమాడింది, మహాతల్లి!"

"నోళ్లు మూసుకోండి," అంది జూరా గొంతు. "మా ఆయన పోయినప్పుడు నలభై రోజులు నా ఇంట్లో పొయ్యి వెలిగించింది బురుల్ వదినే. పెద్దదైపోయింది, మరిచిపోయింది. మీరేం మరిచిపోరా?"

బురుల్ పళ్లెం గుమ్మంలోనే పెట్టి వెనుదిరిగింది.

మర్నాడు కాగితం తీసుకెళ్లి జూరా లాయరు అసిల్ చేతిలో పెట్టింది. ఆ అమ్మాయి సంతోషించింది కానీ, వెంటనే నుదురు చిట్లించింది. "పిన్నీ, అప్పీలులో కొత్త కాగితం ఊరికే తీసుకోరు. కింది కోర్టులో ఎందుకు పెట్టలేకపోయామో సరైన కారణం చూపించాలి. ఇది ఇన్నాళ్లూ ఎక్కడుంది?"

"ఇంటికి సున్నం వేయిస్తుంటే దొరికిందమ్మా," అంది బురుల్. దారి పొడుగునా వల్లె వేసుకున్న మాట అది.

కోర్టులోనూ అదే చెప్పింది. మెదెర్ లాయరు నవ్వాడు. "ఇద్దరిదీ ఒకే వీధి. జూరా గారు ఒక్కసారి వెళ్లి వెతకమని అడిగి ఉంటే అప్పుడే దొరికేది. ఆమె అశ్రద్ధను ఇప్పుడు కోర్టు ఎందుకు మన్నించాలి?"

జడ్జి జూరా వైపు చూశాడు. "అడిగారా?"

జూరా తలవంచుకుంది. "ఒక్కసారే అడిగానండి. గుర్తులేదంది. పెద్దావిడను మళ్లీ మళ్లీ ఏం విసిగిస్తానని ఊరుకున్నాను. తప్పు నాదే."

బురుల్ బల్ల పట్టుకుని లేచింది. "ఆమెది కాదయ్యా. కాగితం మొదటినుంచీ నా దగ్గరే ఉంది. నాకు బాగా గుర్తుంది. దాచాను."

"అక్కా! ఏం మాట్లాడుతున్నావ్, కూర్చో!" మెదెర్ అరిచాడు.

"అబద్ధపు సాక్ష్యానికి కేసు పడుతుంది, తెలుసా?" అన్నాడు జడ్జి.

"పడనివ్వండి."

సాక్షే దాచిపెట్టాక కక్షిదారు తేగలిగేది కాదని కోర్టు కాగితాన్ని స్వీకరించింది. సాయంత్రానికి తోట జూరాదని తీర్పిచ్చింది. మెదెర్ అక్క ముఖం చూడకుండా కారెక్కి వెళ్లిపోయాడు.

తిరుగు బస్సులో జూరా రెండు వరసల ముందు కూర్చుంది. బురుల్ లేచి ఆమె పక్కకు వెళ్లింది.

"జూరా, తిట్టవే నన్ను."

"ఓపిక లేదు వదినా," అంది జూరా కిటికీలోంచి చూస్తూనే. "నీ మీద మాట పడకూడదని ఊరందరితో పోట్లాడాను. రేపు వాళ్ల ముఖాలు ఎట్లా చూడమంటావు?"

ఊరొచ్చాక, తన పక్కన ఎవరి కంటా పడకుండా జూరాను ముందు దిగనిచ్చి, బురుల్ ఇంకో స్టాపు దాకా వెళ్లి, నడుచుకుంటూ వెనక్కి వచ్చింది.