ముడులు పైకి ఉన్న దుప్పటి

నాకు కుట్టుపని ఎవరూ నేర్పలేదు. నేర్పి ఉంటే ముడులు వెనక్కి పోవాలని తెలిసేది, నాకీ గతి పట్టేది కాదు.

పదహారేళ్ల కిందట మా ఆయన పోయాక నా చేతులు వణికేవి. డాక్టరమ్మ మాత్రలు రాసిచ్చి, చేతులకేదైనా పని పెట్టుకోమంది. పాత బట్టలు చింపి ముక్కలు అతుకుతూ కూర్చున్నాను. కొన్నాళ్లకు, నోటితో చెప్పలేనివి దారంతో రాయడం మొదలుపెట్టాను. దుప్పటికి ముందు వైపు రంగు ముక్కలు, వెనక వైపు నా కథ. ముడులు పడితే అక్షరాలు పాడవుతాయని వాటిని ముక్కల వైపే వదిలేసేదాన్ని. ఎదురింటి దర్జీ చూసి, తిరగేసి తొడుక్కున్న చొక్కాలా ఉందని పడీ పడీ నవ్వాడు. నవ్వితే నవ్వాడు. దుప్పటి సగమయ్యేసరికి నా వణుకు పోయింది, కంటినిండా నిద్ర పట్టింది.

గ్రంథాలయంలో ఆడవాళ్ల చేతిపనుల ప్రదర్శన పెడుతున్నామంటే ఆ దుప్పటి ఇచ్చాను. గోడకు ఆనించి కడతారు కదా, వెనక ఏముందో ఎవడు చూడొచ్చాడనుకున్నాను. మా అమ్మాయిని కూడా రమ్మన్నాను. కాలేజీ అయ్యాక మూడింటికి వస్తానంది.

రెండున్నరకు నేను వెళ్లేసరికి గోడ మీద నా ఎర్రదారం అక్షరాలు. ముడులున్నదే వెనక వైపనుకుని లైబ్రేరియన్ తిరగేసి కట్టించాడు. ఆయన తప్పేముంది, కుట్టు తెలిసిన వాళ్లెవరైనా అలాగే అనుకుంటారు.

నా భయమంతా ఏడో వరుసతోనే. ‘పాప నిద్రపోతోంది. బయట గొళ్లెం పెట్టి రైలు వంతెన దాకా వెళ్లాను. మళ్లీ రాకూడదనుకున్నాను. రెండు రైళ్లు పోయాక వెనక్కి వచ్చాను.’ అప్పుడు పాపకు నాలుగేళ్లు. ఆ సంగతి ఇన్నేళ్లుగా దానికి చెప్పలేదు. తెలిస్తే నన్ను అమ్మా అని పిలుస్తుందా?

విప్పేయమని లైబ్రేరియన్‌ను బతిమాలాను. అందరూ దాన్నే నిలబడి చదువుతున్నారండీ అని నచ్చజెప్పబోయి, నా ముఖం చూసి నిచ్చెన కోసం వెళ్లాడు. ఈలోగా నేను ఏడో వరుసకు వీపు ఆనించి నిలబడ్డాను. జరగమన్న వాళ్లకు నడుం పట్టేసిందని చెప్పాను. వేళ్లు మళ్లీ వణుకుతున్నాయి. గడియారం వైపు చూడాలంటేనే భయం వేసింది.

అమ్మాయి పావుగంట ముందే వచ్చేసింది. పై వరుస నుంచి చదువుకుంటూ దిగింది. ఆరో వరుస అయ్యాక నన్ను జరగమంది. నేను కదల్లేదు. భుజాలు పట్టుకుని మెల్లగా పక్కకు జరిపి చదివింది. మళ్లీ చదివింది.

“నేను నిద్రపోలేదమ్మా” అంది.

‘గొళ్లెం’ అన్న మాట మీద వేలు పెట్టింది.

“గొళ్లెం పెట్టడం విన్నాను. కిటికీ ఎక్కి కూర్చున్నాను. నువ్వు కనబడేదాకా దిగలేదు.”

ఇప్పటికీ నేను కూరగాయలకు వెళ్లినా అది కిటికీ దగ్గరే కూర్చుంటుంది. పిరికిదానా అని ఎన్నిసార్లు ఆటపట్టించానో. నా మీద నాకే అసహ్యం వేసింది.

లైబ్రేరియన్ నిచ్చెన తెచ్చి, విప్పమంటారా అని అడిగాడు. అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది.

“తర్వాత మళ్లీ ఎప్పుడైనా వెళ్లావా?”

వెళ్లలేదన్నాను. నమ్మిందో లేదో తెలియదు. ఇల్లు చేరేదాకా నా చెయ్యి వదల్లేదు.