గురమ్మ బైట్

శృంగవరపుకోటలో సినిమా హాలు గేటు దగ్గర మైకు పట్టుకుని నిలబడ్డాను. ఆట చూసి వచ్చేవాళ్ల మాటలు, అదే బైట్లు, తీసి మా యూట్యూబ్ చానల్లో పెట్టడం నా పని. చాలా ఏళ్ల కిందట ఒక రైలు పెట్టె తగలబడి జనం చనిపోయిన సంగతి మీద తీసిన సినిమా అది. ఎలా కాలిందో విచారణ సంఘాలకే ఒక మాట కుదరలేదు. సినిమాకి మాత్రం అన్నీ తెలుసు. విలేకరులే నిజాన్ని దాచేశారని హీరో చేత అరిపించింది.

కొత్తవలస నుంచి వచ్చిన గురమ్మ అనే ముసలావిడ బయటికి వచ్చింది. ఆ పెట్టెలోనే ఆవిడ కూతురు కాలిపోయింది, ఆవిడ బతికింది. సినిమాలో గురమ్మ పేరుతోనే ఒక తల్లి ఉంది. నిప్పు పెట్టింది వీళ్లేనని కోర్టులో కొందరిని వేలెత్తి చూపిస్తుంది.

"నానెవులినీ సూడనేదమ్మా," అని ఏడ్చింది గురమ్మ. "తలుపు తెరుసుకోనేదు. అప్పుడూ అదే సెప్పినాను. నా పేరెట్టి, నాననని మాట నాసేత అనిపించేసినారు. నా పిల్ల సావు సూపించి ఇంకొకల్ని సంపమని నానన్నానేటి?"

సాయంత్రం చానల్ యజమాని ఉదయభాస్కర్ అది చూశాడు.

"ఏడుపు అదిరింది. మాటలు తీసేసి, ఎనకాల వయొలిన్ ఎయ్."

"మాటలు తీసేస్తే సినిమా బాగుందని ఏడ్సినట్టుంటాది సార్."

"ఉండనీ. నువ్వేటి, జడ్జివా?"

నేను కుర్చీలోంచి లేచిపోయాను. ఆయనే కూర్చుని వీడియో కోశాడు. 'నిజం చూసి కుమిలిపోయిన తల్లి' అని పేరు పెట్టాడు. నిజాన్ని దాచారని గోల పెట్టే సినిమా కోసం ఒక తల్లి నోరు నొక్కడానికి ఆయనకి టీ తాగినంత సేపు పట్టలేదు.

తెల్లారేసరికి లక్షలమంది చూశారు. ఆయనకి ఆశ పుట్టింది. శాలువా కొని, గురమ్మను ఆటోలో మళ్లీ హాలు దగ్గరికి రప్పించాడు.

"ఇవాళ లైవ్. ముసలమ్మని బాగా ఏడిపించు," అని ఫోను, మైకు నా చేతికిచ్చాడు.

గురమ్మ ఆటో దిగుతూనే నన్ను పట్టుకుంది. "ఒసే, నా మాటేదే? నానే ఆలని సూపించినానని మా ఊరంతా అంటన్నారు."

"ఇప్పుడు సెప్పు అత్తా. ఇది లైవు, కొయ్యడానికవ్వదు."

చెప్పింది. ఈసారి ఏడవలేదు.

"ఎవుడు నేర్పినాడే ముసిలీ?" అని జనంలోంచి ఒకడు అరిచాడు.

"నువ్వున్నావేట్రా ఆ పెట్టిలో? సినిమా సూసొచ్చి నాకు సెప్తన్నావా?"

ఉదయభాస్కర్ ఫోను లాక్కోవడానికి వచ్చాడు. గురమ్మ తనకి కప్పిన శాలువా తీసి ఆయన చేతుల్లో పెట్టింది.

"ఆగు బాబూ. నా పిల్ల పేరింకా సెప్పనేదు. నా పేరెట్టుకున్నారు గానీ, సచ్చిపోయిందాని పేరు ఒక్కడూ అడగనేదు."

నేను వెనక్కి ఒక అడుగు వేసి, ఫోను ఇంకా పైకెత్తాను.