తినేవాళ్ళ ఎదుట

ఫోను మోగేటప్పటికి మూడో లాటు పిండి నూనెలో ఉంది. ఆమె కదల్లేదు. గోడ గడియారంలో సెకన్ల ముల్లు ఇంకా పదకొండు గీతలు దాటాలి. దాటాక, రెండు ఇనుప పుల్లలతో గరాటు కేకును పైకెత్తి, తీగల జల్లెడ మీద వేసి, స్కేలు అడ్డంగా పెట్టి కొలిచింది. పదిహేడు సెంటీమీటర్లు. రెండుగా విరిచి, ఒక్క కొరుకు కొరికి నమిలి, కాగితం మీద 'సరే' అని రాసి, మిగతాది చెత్తడబ్బాలో పడేసింది. అప్పుడు ఫోనెత్తింది.

"చెప్పు బాబాయ్."

ఆ పిండి ఫ్యాక్టరీలో ఇరవై రెండేళ్ళుగా ఆమె పని ఇదే. ప్రతి లాటులోంచీ గుప్పెడు తీసి కలపాలి. గరాటులోంచి సన్నటి ధారగా కాగే నూనెలోకి వలలా చుట్టాలి, రుచి చూడాలి. రోజుకి ఎనిమిది. మొదట్లో ప్యాకింగులో ఉండేది. ఒకనాడు మూట విప్పకుండానే పిండి చెమ్మగిల్లిందని వాసన పట్టేసరికి, మర్నాడే ఈ గదిలోకి మార్చారు. 'రుచక్క' అని పేరు పడిపోయింది. గదిలోంచి ముక్క కూడా బయటికి పోకూడదని రూలు. పోయినా తినేదెవరు? ఇంట్లో మొగుడికి చక్కెర జబ్బు. అలా తన చేత్తో వేసినదాన్ని ఇంకో మనిషి తింటుంటే ఆమె ఇంతవరకూ చూడలేదు.

బాబాయ్ అంటే సొంత బాబాయ్ కాదు. ఊరికి ఆ చివర ఎగ్జిబిషన్ మైదానంలో, ఈ ఫ్యాక్టరీ పిండితోనే గరాటు కేకులు వేసి అమ్మే మూలకొట్టు పెద్దాయన. పంతొమ్మిదేళ్ళ కిందట, పిండి పల్చబడిందని తిట్టడానికి ఫోను చేశాడు. ఆమె తప్పు ఒప్పుకుంది. మర్నాడు బాగుందని చెప్పడానికి చేశాడు. తిట్టడానికి అందరూ చేస్తారు, బాగుందని చెప్పడానికి ఎవరు చేస్తారు? అప్పట్నుంచీ, ఎగ్జిబిషన్ ఉన్నా లేకపోయినా, రోజూ పొద్దున్నే రెండు నిమిషాలు ఆ గొంతు వినకపోతే ఆమెకు పని మొదలైనట్టుండదు. ముఖం మాత్రం ఎప్పుడూ చూడలేదు.

ఇవాళ గొంతు వేరే.

"నేను వాళ్ళమ్మాయినండీ. నాన్న నిన్న సాయంత్రం కొట్లోనే కూలబడిపోయారు. ఆస్పత్రిలో ఉన్నాం. మాట్లాడుతున్నారు. కానీ ఇవాళ ఎగ్జిబిషన్ ఆఖరి ఆదివారం కదా, కొట్టు మూస్తే ఊరుకోనంటున్నారు. 'ఆ అమ్మాయిని రమ్మను' అని ఒకటే పోరు."

రుచక్క సూపర్‌వైజరు దగ్గరికి పరిగెత్తింది. ఆయన కళ్ళజోడు పైనుంచి చూసి, "వెళ్ళు, రోజూ వేసేదేగా," అన్నాడు.

"రోజూ వేసేవి ఎనిమిది సార్! ఎనిమిది వందలు కాదు!"

అంటూనే గేటు దాటేసింది. బస్సులో కూర్చున్నా కాళ్ళు ఒకచోట నిలవలేదు. పెళ్ళిచూపులకు వెళ్తున్నట్టు రెండుసార్లు జుట్టు సర్దుకుంది, మూడోసారి తనమీద తనకే నవ్వొచ్చింది.

మైదానం అప్పటికే కిటకిటలాడుతోంది. రంగులరాట్నం తిరుగుతోంది, మైకు ఎవరిదో తప్పిపోయిన గొడుగు గురించి గొంతు చించుకుంటోంది. మూలకొట్టు రెండు బారల వెడల్పు రేకుల గది. పక్కనే నిమ్మసోడా బండి. సోడా ఆయన తాళం చేతికిచ్చి, ఆమెను ఎగాదిగా చూశాడు.

"ఫోనులో అమ్మాయివి నువ్వేనా? చిన్నపిల్లవనుకున్నా!"

"ఆయనకి అమ్మాయినే. నాకు యాభై దాటాయి."

పొయ్యి వెలిగించి, పిండి కలిపి, నూనెలో చుక్క వేసి చూసింది. చుక్క బుస్సుమని పైకి తేలింది. తలెత్తేసరికి ఎదురుగా ఇరవైమంది. ముందు ఒక బట్టతలాయన, భుజం మీద కూతురు. గరాటు కింది కంతను వేలితో మూసి, వదిలి, మధ్యలోంచి బయటికి గుండ్రంగా చుట్టింది. ఒళ్ళంతా కళ్ళు చేసుకుని తిప్పింది, తీసింది, చక్కెరపొడి జల్లింది. బంగారంలా వచ్చింది. ఆ సంబరంలో చేతులకు పాత బుద్ధి వచ్చేసింది. ఫటుక్కున రెండుగా విరిచి, ఒక కొరుకు కొరికి, మిగతాది చెత్తడబ్బాలో పడేసింది.

పిల్ల చాచిన చెయ్యి గాల్లోనే ఉంది.

"ఏమ్మా," అన్నాడు బట్టతలాయన, "అది మాదండీ!"

వరస మొత్తం గొల్లుమంది. సోడా ఆయన బండి పట్టుకుని వంగి వంగి నవ్వాడు. ఆమెకు చెవులు వేడెక్కాయి. కానీ భుజం మీది పిల్ల కిందికి వంగి సీరియస్‌గా అడిగింది: "బాగుందా?"

"బాగుంది తల్లీ!"

"అయితే నాకూ కావాలి."

రెండోది ఆ పిల్ల చేతికి అందింది. రుచక్క గరాటు పట్టుకునే నిలబడిపోయింది. పిల్ల ముందు అంచు విరిచింది. కరకరమంది. కళ్ళు పెద్దవయ్యాయి. ముక్కు మీద చక్కెర, గడ్డం మీద చక్కెర, తండ్రి బట్టతల నిండా చక్కెర. వెనకనుంచి ఎవరో "అమ్మా, చూసింది చాలు, వెయ్యండి!" అని అరిచారు.

ఇక చెయ్యి ఆగలేదు. కొలతలు మానేసింది. గడియారం కోసం వెతకడం మానేసింది. ఒకటి తిరుగుతుండగా ఇంకొకటి పోసింది. నడుముకి చెంగు బిగించి, చెమట మోచేత్తో తుడుచుకుంటూ, వరసతో మాట్లాడటం కూడా మొదలెట్టింది. ఒక ముసలామె తిని, వెళ్ళి, మళ్ళీ వరస చివర నిలబడింది. "ఇంకోటి" అన్న మాట రుచక్క చెవిన పడటం పుట్టి బుద్ధెరిగాక అదే మొదలు. గుండె పొంగింది. ఇరవై రెండేళ్ళు చెత్తడబ్బాలో పడ్డవన్నీ లేచొచ్చి ఎవరో ఒకరి నోట్లో పడుతున్నట్టనిపించింది.

"నీ గురించి తెగ చెబుతాడులే," అన్నాడు సోడా ఆయన, రద్దీ కాస్త తగ్గాక గ్లాసు అందిస్తూ. "'నేను అమ్మేదాన్ని నాకంటే ముందు నోట్లో పెట్టుకునే మనిషి ఒకతె ఉంది, నాకేం భయం' అంటాడు."

ఆమె సోడా గడగడా తాగేసింది. ఖాళీ గ్లాసు తిరిగిచ్చి మళ్ళీ గరాటు అందుకుంది.

మధ్యాహ్నం రెండింటికి ఫోను వచ్చింది. కూతురు నాన్న చెవి దగ్గర పెట్టినట్టుంది. ముందు ఊపిరి వినిపించింది, తర్వాత ఆ గొంతు, బాగా సన్నబడి.

"అమ్మాయ్. జనం ఉన్నారా?"

"జనమా! తీర్థంలా ఉన్నారు బాబాయ్! మొదటిది విరిచి కొరికేశాను, తెలుసా? నవ్వి చచ్చారందరూ!"

ఆయన నవ్వబోయి దగ్గాడు. "ఏదీ, ఒకటి వెయ్యి. వింటాను."

ఆమె ఫోను పొయ్యి పక్కన ఎత్తిపట్టి, ఇంకో చేత్తో పిండి వదిలింది. నూనె చిటపటలాడింది. వరసలో వాళ్ళు కూడా ఎందుకో గప్‌చుప్‌గా నిలబడ్డారు.

"మంట కొంచెం తగ్గించు," అన్నాడు ఆయన.

తగ్గించింది. చిటపట మెత్తబడింది. కేకు అడుగున రంగు సమంగా పాకింది. ఆశ్చర్యంతో కేక పెట్టినంత పని చేసింది. "ఎలా తెలిసింది బాబాయ్? చూడకుండా ఎలా తెలిసింది?"

"నువ్వు వాసనతో పట్టేస్తావు. నేను చప్పుడుతో. రేపు పొద్దున చేస్తాలే."

"రేపు పొద్దున నేనే వస్తాను, ఆస్పత్రికి. ముఖం చూపించు ఒకసారి."

"చూడటానికేముంది, ముసలి ముఖం," అన్నాడు. ఫోను కూతురు తీసుకుంది.

అయిదు గంటలకు పిండి ఇంకొక్క గిన్నె మిగిలింది. వరసలో పదకొండుమంది. సోడా ఆయన ఫోనులో ఏదో విని, బండి వదిలేసి, కొట్టు వెనక తలుపులోంచి లోపలికి వచ్చాడు. ఆమె పక్కన నిలబడి మెల్లగా చెప్పాడు.

"పోయాడమ్మా. అరగంటైందట. నిద్రలోనే."

ఆమె నూనెలోకి చూసింది. కేకు తిప్పాల్సిన వేళ అయింది. తిప్పింది.

"మూసెయ్యనా?" అన్నాడు ఆయన.

"పదకొండుమంది ఉన్నారుగా," అంది.

మంట తగ్గించే ఉంచి, పదకొండూ వేసింది. ఒక్కొక్కటీ చేతికిస్తూ, వాళ్ళు మొదటి ముక్క కొరికేదాకా చూసింది. ఆఖరివాడు బొటనవేలు చప్పరిస్తూ వెళ్ళిపోయాక పొయ్యి ఆర్పింది. కూతురికి ఫోను చేసి, "వస్తున్నానమ్మా," అని ఒక్క మాట అంది.

చీపురు తీసుకుని నేల ఊడ్చింది. బల్ల కిందికి చీపురు పోనిస్తే ఏదో తగిలింది. వంగి చూసింది. బాబాయ్ ఇంటికి వేసుకెళ్ళే తోలు చెప్పులు. పని బూట్లు తొడుక్కునే ముందు విడిచినవి. నిన్న ఆయన్ని బూట్లతోనే మోసుకెళ్ళారు కాబోలు. చెప్పులు రెండూ పక్కపక్కన, కొనలు గుమ్మం వైపు తిరిగి ఉన్నాయి. కుడిదాని మడమ ఎడమదానికంటే బాగా అరిగి, ఒక పక్కకి ఒరిగి ఉంది.