కడిగినవాళ్ల పేర్లు

చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని బట్టలు ఆరేస్తూ, మా ఆయన డాక్యుమెంటరీ కోసం తీసిన ఇంటర్వ్యూలు వినేదాన్ని. పనికొచ్చే మాటలు టైపు చేసిపెట్టడం నా వంతు. "ఎలాగూ ఇంట్లోనేగా ఉంటావు," అనేవాడు. సినిమా చివర పడ్డ పేర్లలో నా పేరు లేదు. సరే, దాని సంగతి వదిలేద్దాం.

అరవై ఏళ్ల కిందట మా ఊరి మిల్లు గేటు ముందు సమ్మె చేస్తున్నవాళ్ల మీద కాల్పులు జరిపారు. నలభై ముగ్గురు పోయారు. అందులో మా అత్తగారి నాన్న ఒకరు. అప్పుడావిడకి పన్నెండేళ్లు. ఎన్నడూ ఆ ఊసెత్తని మనిషి, కొడుకు కెమెరా పెట్టి వదిలేస్తే గంటన్నర మాట్లాడింది. కాల్పుల గురించి రెండు ముక్కలే. తక్కినదంతా మర్నాటి పొద్దుటి గురించి. మగవాళ్లలో పోయినవాళ్లు పోగా మిగిలినవాళ్లు పారిపోతే, పదకొండు మంది ఆడవాళ్లు శవాలను కడిగారట. నీళ్లు మోసిన పిల్ల తను. ఒక్కొక్కరినీ పేరుపెట్టి చెప్పింది. ఎవరు ఎవరి మొహం తుడిచారో, ఎవరు కట్టుకున్న చీరే చింపి కప్పారో.

అదంతా నేను టైపు చెయ్యలేదు. "అనవసరం" అని రాసి వదిలేశాను. ఆయన అననే లేదు. అంటాడని ముందే నేను అనేశాను. కడగడాలూ తుడవడాలూ ఎవరు చూస్తారనుకున్నాను. పొద్దున లేస్తే నేను చేసేవీ అవే. వాటిని ఎవరైనా చూస్తారని నాకెప్పుడు తోచింది గనక?

సినిమా వేసిన రోజు హాల్లో అత్తగారి పక్కనే కూర్చున్నాను. తెర మీద ఆవిడ ఒక్క క్షణం కనిపించింది, కళ్లు తుడుచుకుంటూ. వెనక వినిపించేది ఎవరో నాయకుడి గొంతు. అందరూ చప్పట్లు కొడుతుంటే నా వైపు వంగి, "ఆ పదకొండు మందీ ఏరమ్మా?" అంది.

"నిడివి ఎక్కువైందని తీసేశారత్తయ్యా," అన్నాను. తీసిందెవరో చెప్పలేదు.

ఇంటికొచ్చి ఆ రికార్డింగు అడిగాను. "వాడనివన్నీ చెరిపేశాం. నువ్వేగా అనవసరమని రాసింది," అన్నాడు మా ఆయన, తువ్వాలు ఎక్కడుందో చెప్పినంత మామూలుగా.

మర్నాడు అత్తగారు బటానీలు ఒలుస్తుంటే ఎదురుగా కూర్చుని నిజం చెప్పాను. "ఆ పేర్లు ఇంకొక్కసారి చెప్తారా? రాసుకుంటాను."

"ఒకసారి తోడి పోశానమ్మా. మళ్లీ నావల్ల కాదు," అంది. కోప్పడినా బాగుండేది, కాళ్లావేళ్లా పడేదాన్ని.

ఎంత తన్నుకున్నా నాకు గుర్తొచ్చినవి ఏడు పేర్లే.

సోమవారం ఆయన కొత్త సినిమా ఇంటర్వ్యూలు తెచ్చి బల్ల మీద పెట్టి, "శుక్రవారానికి కావాలి," అన్నాడు.

"కుదరదు. నాకు పనుంది."

"నీకేం పని?" ఎగతాళి కాదు, నిజంగానే అర్థం కాక అడిగాడు.

చెప్పులేసుకుని బయటికొచ్చాను. మిల్లు వెనక కార్మికుల ఇళ్ల వరుస ఇంకా ఉంది. మొదటి ఇంట్లో తలుపు తీసినావిణ్ణి, "కాల్పుల మర్నాడు శవాలు కడిగినవాళ్లలో మీ ఇంటి వాళ్లెవరైనా ఉన్నారా?" అని అడిగాను.



"మా అత్త," అంది. "ఉన్నప్పుడు రావాల్సింది."

తలుపు మాత్రం వెయ్యలేదు.