కదలని బల్ల

పెద్దమేస్త్రి స్వయంగా తయారుచేసిన పనిబల్ల కాలు విరిగి, దానిమీదున్న లారీ గేర్‌బాక్సు చిన్నమేస్త్రి పాదం మీద పడింది. ఇందులో దాచడానికేమీ లేదు, ఆ చప్పుడు వీధంతా విన్నదే. పాదంలో ఎముక విరిగింది, కట్టు కట్టారు, ఈమధ్యనే కట్టు విప్పారు కూడా. చిన్నమేస్త్రి కాస్త కుంటుతూ నడుస్తున్నాడు. నడుస్తున్నాడు గానీ వాళ్ళ మెకానిక్ షెడ్డు వైపు మాత్రం నడవడం లేదు.

వాళ్ళిద్దరూ బావా బావమరదులు. పెద్దమేస్త్రి భార్యకు చిన్నమేస్త్రి సొంత తమ్ముడు. పెద్దాయన ఏ ఇంట్లో అడుగుపెట్టినా ముందు గుమ్మానికి తలవంచి నమస్కారం పెట్టాల్సినంత పొడగరి. రెండోవాణ్ణి చిన్నమేస్త్రి అనడానికి వయసొక్కటే కారణం కాదని అందరికీ తెలుసు, అతనికీ తెలుసు. ఇంజన్లు విప్పడం, వచ్చినవాళ్ళతో మాట్లాడటం, మాటల్లో పడి పని మర్చిపోవడం పెద్దాయన వంతు. గేర్‌బాక్సులన్నీ చిన్నవాడివి. గేరు పన్ను అరిగిందో లేదో గోటితో తడిమి చెప్పేస్తాడు. చుట్టుపక్కల షెడ్లవాళ్ళు తమకు లొంగని గేర్‌బాక్సులను గుట్టుచప్పుడు కాకుండా అతని దగ్గరికే పంపుతుంటారు.

ఇప్పుడు వాళ్ళలో ఒకరు గేర్‌బాక్సులను పంపడం మానేసి, మనిషినే రమ్మన్నారు.

"తమ్ముడు సోమవారం నుంచి అవతలి షెడ్డుకి పోతాడట," అంది భార్య, భర్త ముందు కంచం పెడుతూ.

"ఎందుకు పోతాడు? ఇక్కడ వాడికేం తక్కువైంది?"

"మీరు చేసిన బల్ల ముందు ఇంకోసారి నిలబడడట. అంతకుమించి నన్నేమీ అడగొద్దన్నాడు."

"అంతేనా! కొత్త బల్ల తెస్తా. ఏనుగునెక్కించినా కిర్రుమనని బల్ల తెస్తా. అప్పుడేమంటాడో చూస్తా."

"తెచ్చి చూడండి," అంది ఆమె. ఆ గొంతులో నమ్మకం పిసరంత కూడా లేదు.

చిన్నమేస్త్రి వెళ్ళిపోతే షెడ్డు సగం మూతపడినట్టే. అది పైకి చెప్పుకోగలిగిన బాధ. చెప్పుకోలేనిది ఇంకోటుంది. బావమరిదితో పోట్లాడకుండా పెద్దమేస్త్రి ఒక్క రోజైనా పనిచేసి ఎరుగడు. ఈ నెల రోజులూ తనతో ఎవరూ పోట్లాడక ఆయనకు పిచ్చెక్కినట్టుంది. వాడు కావాలి. ఆ మాట నోటితో అనడం చేతకాదు కాబట్టి బల్ల కోసం బయల్దేరాడు.

పాత బల్ల ఎందుకు విరిగిందో ఆయనకు బాగా తెలుసు. అప్పట్లో నాలుగో కాలికి ఇనుము చాలక రెండు ముక్కలు కలిపాడు. ప్రస్తుతానికి చుక్కల్లా రెండు టాకాలు వేసి, నిండు వెల్డింగ్ రేపు చేద్దాంలే అనుకున్నాడు. ఆ సాయంత్రమే ఉత్సాహం కొద్దీ రంగు కూడా వేసేశాడు. రంగు పడ్డాక ఏ పనైనా పూర్తయినట్టే కనిపిస్తుంది. ఆ తర్వాత ఎన్నో ఏళ్ళు ఆ రెండు టాకాలే ఇంజన్లు మోశాయి. ఈ సంగతి ఆయన అందరి ముందూ ఒప్పుకున్నాడు. ఒప్పుకున్నాను కదా, ఇంకా అలకేమిటని ఆయన లెక్క.

మొదట పనిముట్ల దుకాణానికి వెళ్ళాడు. నీలం రంగులో నిగనిగలాడే బల్ల ఒకటి అద్దాల వెనక ఉంది. దానికి ఆరు సొరుగులు, ప్రతి సొరుగుకూ తాళం. మెడలో టై కట్టుకున్న కుర్రాడు పరుగెత్తుకొచ్చాడు.

"ఐదొందల కిలోలు పెట్టొచ్చు సార్ దీని మీద."

"పెట్టొచ్చు. పెట్టాక సుత్తితో కొట్టొచ్చా?"

"కొట్టడం దేనికి సార్?"

పెద్దమేస్త్రి ఆ కుర్రాడి వంక జాలిగా చూశాడు. తర్వాత బల్ల పక్కన నిలబడి నడుముతో ఒక్క తోపు తోశాడు. సొరుగులన్నీ ఒక్కసారిగా బయటికొచ్చి పలకరించాయి. పైనుంచి పడే బరువును ఏ బల్లయినా మోస్తుంది. పట్టేసిన నట్టుకు స్పానరు తగిలించి, దానికి బారెడు గొట్టం తొడిగి లాగినప్పుడు బలమంతా పక్కకు పడుతుంది. అప్పుడు కదలనిదే బల్ల. ఈ సంగతి ఆ కుర్రాడికి చెబుదామనుకుని, పాపం వాడి మెడకు ఆ టై చాల్లే అని ఊరుకున్నాడు.

తర్వాత, మూతపడిన వడ్రంగి కార్ఖానాలో పాత చెక్కబల్ల అమ్ముతున్నారని తెలిసి అక్కడికి వెళ్ళాడు. దాన్ని నడుముతో తోస్తే నడుమే నొచ్చింది. ఆయనకు భలే నచ్చింది. తీరా వంగి చూస్తే చెక్కకూ చెక్కకూ మధ్య వేలు దూరేంత సందులున్నాయి. బేరింగులోంచి ఒక్క గోళీ జారితే ఇక దాన్ని మర్చిపోవాల్సిందే. పైగా చెక్క నూనె తాగుతుంది. గేర్‌బాక్సు విప్పినచోట పారే నూనె అంతా తాగితే, ఏడాది తిరిగేసరికి అది బల్ల కాదు, వత్తి. వడ్రంగి ఎంత బతిమాలినా వద్దని వచ్చేశాడు.

చివరికి గేట్లమ్మ దగ్గరికి చేరాడు. ఆవిడకు వెల్డింగ్ దుకాణం ఉంది. వీధిలో సగం ఇళ్ళ గేట్లు ఆవిడ చేసినవే కావడంతో ఆ పేరు స్థిరపడింది. ఆవిడ నల్లద్దాల ముసుగు నెత్తిమీదికి తోసుకుని అంతా విన్నది. పైన చిటికెన వేలంత మందం రేకు. కాళ్ళకు చదరపు గొట్టాలు, వాటి మధ్య అడ్డకమ్ములు. నూనె కారకుండా, గోళీలు దొర్లిపోకుండా చుట్టూ చిన్న అంచు. ఇనుమును పట్టి ఉంచే వైస్ బిగించేచోటు సరిగ్గా బల్ల కాలు మీదకు వచ్చేట్టు. ఇద్దరికీ ఎక్కడా మాట తేడా రాలేదు.

"ఎత్తు?" అంది గేట్లమ్మ.

పెద్దమేస్త్రి నిటారుగా నిలబడి చేతులు కిందికి వదిలాడు. "నా మణికట్టు దాకా. బరువు పనికి అదే కదా కొలత."

"బల్ల దగ్గర ఎక్కువసేపు నిలబడేది మీరేనా?"

"గేర్‌బాక్సులు మా బావమరిది చూస్తాడు. ఎక్కువ వాడే ఉంటాడు."

"మరి ఆయన మణికట్టు ఎందాకా వస్తుంది?"

పెద్దమేస్త్రి అరచేతిని తన భుజం దగ్గర పెట్టాడు. కాదనుకుని కాస్త దించాడు. మళ్ళీ ఎత్తాడు. రోజంతా పక్కనే నిలబడే మనిషి ఎత్తు ఎంతో ఆయనకు తెలియలేదు.

"కొలిచి చెప్పండి," అంది గేట్లమ్మ ముసుగు దించుకుంటూ. "గేటుకైతే గోడ చాలు. బల్లకి మనిషి కావాలి."

ఇదేం గొడవ అని సణుక్కుంటూ ఆయన షెడ్డుకు వచ్చాడు. విరిగిన బల్ల ఇంకా పడినచోటే ఒరిగి ఉంది. దాని పాత ఎత్తు చూసుకుంటే ఓ అంచనాకు రావచ్చని దాన్ని కాస్త పైకి లేపి నిలబెట్టబోయాడు. కింద ఒక చెక్క బయటపడింది. పెట్టెచెక్కలు ఒకదానిమీద ఒకటి పేర్చి మేకులు కొట్టినది, జానెడు ఎత్తుంది. పైన రెండు పాదాలు ఆనేచోట నున్నగా అరిగిపోయి ఉంది.

ఆ చెక్క ఆయనకు కొత్తది కాదు. ఎన్నిసార్లు దాన్ని కాలితో పక్కకు తన్నాడో లెక్కలేదు. ఈ చెత్తంతా దారికడ్డంగా ఎవడు పెట్టాడని అరిచేవాడు. బావమరిది మాట్లాడకుండా వెళ్ళి చెక్క తెచ్చుకునేవాడు, బల్ల ముందు వేసుకుని ఎక్కి నిలబడేవాడు. ఆయన దాన్ని చూశాడు. చూశాడు గానీ ఆ చెక్క ఎందుకుందని మాత్రం ఒక్కసారీ అడగలేదు.

పెద్దమేస్త్రి ఆ చెక్క ఎక్కి నిలబడ్డాడు. గేర్‌బాక్సు జారినప్పుడు ఎవరైనా ఏం చేస్తారు? వెనక్కి గెంతుతారు. ఆయన కూడా ఊరికే ఒక్క అడుగు వెనక్కి వేసి చూశాడు. మడమ అంచు దాటి గాలిలోకి వెళ్ళింది, ఒళ్ళు తూలింది, పక్కనున్న స్తంభం పట్టుకుని నిలదొక్కుకున్నాడు. చెక్క అంచు మీద తూలిన మనిషి పాదాన్ని ఎటూ లాక్కోలేడు.

అప్పుడాయనకు ఆసుపత్రి గుర్తొచ్చింది. 'కాస్త చురుగ్గా ఉంటే తప్పించుకునేవాడే' అని డాక్టరుతో అన్నాడు. చూడ్డానికి వచ్చినవాళ్ళందరితోనూ అదే అన్నాడు. మంచం మీదున్న మనిషి వింటుండగానే అన్నాడు. టాకాల సంగతి ఒప్పుకోవడం తేలిక, అది నలుగురూ చూసిన తప్పు. ఈ తప్పును తను కూడా చూడలేదు.

ఇంటికి వెళ్ళి కొలత టేపుతో తిన్నగా వంటింట్లోకి నడిచాడు.

"నువ్వూ మీ తమ్ముడూ ఒకే ఎత్తు కదూ?"

"వెంట్రుకవాసి కూడా తేడా లేదు. చిన్నప్పుడు వాడి చొక్కాలు నేనే వేసుకునేదాన్ని. ఏం?"

"ఇలా వచ్చి నిలబడు. చేతులు కిందికి వదులు."

"నాకేమన్నా కోటు కుట్టిస్తున్నారా ఏంటి?" అంటూ ఆమె పీట దిగి వచ్చింది.

ఆయన మోకాళ్ళ మీద కూర్చుని నేల నుంచి మణికట్టు దాకా కొలిచాడు. లేస్తూ, ఆమె దిగిన పీట వైపు చూశాడు. పీట మీంచి చూపు వంటగట్టు మీదికి వెళ్ళింది. గట్టు సరిగ్గా తన మణికట్టు దగ్గరుంది.

"ఈ గట్టు..."

"మీరు కట్టించిందేగా."

"ఎత్తయిందని ఎప్పుడూ చెప్పలేదేం?"

"సిమెంటు కలుపుతున్నప్పుడే చెప్పా. అలవాటైపోతుందిలే అన్నారు. అలవాటైపోయింది." ఆమె మళ్ళీ పీట ఎక్కి తన పనిలో పడింది. పెద్దమేస్త్రి టేపును చుట్టాడు, విప్పాడు, మళ్ళీ చుట్టాడు.

గేట్లమ్మ ఆ కొలత చూసి, ఆయన్నోసారి కిందినుంచి పైదాకా చూసింది. "కాళ్ళ కింద పొడుగు బోల్టులు పెడతా మేస్త్రీ. ఆయన ఉన్నప్పుడు దించుకోండి, మీరున్నప్పుడు లేపుకోండి."

"అదేదో బాగుంది," అని ఆయన గుమ్మం దాకా వెళ్ళి, ఆగి, వెనక్కి వచ్చాడు. "వద్దు. బోల్టులుంటే నేనూరుకోను. వారం తిరక్కుండానే ఓ కాస్త లేపుతా. ఆపైన ఇంకాస్త. నా సంగతి నాకు తెలుసు. నిండా అతికించెయ్యండి."

"తర్వాత మార్చమంటే కోసెయ్యడమే, ఇంకో దారి లేదు."

"మార్చమని రాను."

బల్ల శనివారం వచ్చింది. నలుగురు మనుషులు ఆయాసపడుతూ దించి, నేలలోకి బిగించి పోయారు. పెద్దమేస్త్రి సుత్తితో కొట్టాడు, నడుముతో తోశాడు, గొట్టం తగిలించి లాగాడు. అది ఉలకలేదు, పలకలేదు.

మర్నాడు పొద్దున చిన్నమేస్త్రి చేతిలో ఖాళీ సంచితో వచ్చాడు.

"నా పనిముట్లు తీసుకెళ్దామని వచ్చా బావా."

"నీవేగా. తీసుకో."

ఏనుగు సంగతి, వేలి మందం రేకు సంగతి చెప్పాలని పెద్దమేస్త్రి రాత్రి నుంచీ మాటలు కూర్చుకున్నాడు. ఇప్పుడు పక్కకు జరిగి దారిచ్చాడు. చిన్నమేస్త్రి గోడకు వేలాడుతున్న స్పానర్లు ఒక్కొక్కటే తీశాడు. చేతులు నిండేసరికి అలవాటు కొద్దీ పక్కనున్న బల్ల మీద పెట్టాడు. పెట్టిన చేయి అక్కడే ఆగిపోయింది. భుజం లేవలేదు, మోచేయి లేవలేదు. అతను నేల మీద రెండు పాదాలూ ఆనించి నిలబడి చేతులు వదిలాడు. మణికట్లు బల్ల అంచును తాకాయి. వంగి కిందికి చూశాడు. బోల్టుల్లేవు, ప్రతి అతుకు చుట్టూ నిండు వెల్డింగ్ ఉంది.

"ఇది నీ ఎత్తు కాదే," అన్నాడు లేస్తూ.

"కాదు."

"ఎవరు చెప్పారు నీకు?"

"ఎవరూ చెప్పలేదు. అందుకేగా ఇన్నాళ్ళు పట్టింది."

చిన్నమేస్త్రి గొంతు పెంచలేదు. "ఇన్నేళ్ళూ కళ్ళెక్కడ పెట్టుకున్నావు బావా?"

"తప్పు నాదేరా. బల్ల విరిగింది నా టాకాల వల్ల. నువ్వు తప్పుకోలేకపోయింది ఆ చెక్క వల్ల. ఆ చెక్క కూడా నావల్లే వచ్చింది. అది తెలుసుకోకుండా నువ్వు చురుగ్గా లేవని ఊరంతా చెప్పా."

"నేను పోతున్నది ఆ మాటకే. కాలికి కాదు."

"ఇప్పుడు తెలిసింది."

చిన్నమేస్త్రి సంచిలో ఒక స్పానరు వేశాడు. రెండోది చేతిలోనే పట్టుకుని అడిగాడు.

"నేను రాకపోతే దీన్నేం చేస్తావు? కాళ్ళకి ముక్కలు అతికించి లేపుకుంటావా?"

"లేదు. వంగి చేస్తా."

చిన్నమేస్త్రి మూలన గోనెపట్టా కప్పిన గేర్‌బాక్సు వైపు తల ఊపాడు.

"అదెవరిది?"

"వ్యాను ఆయనది. రోజూ వచ్చి తిట్టి పోతున్నాడు."

"నువ్వు విప్పలేకపోయావా?"

"విప్పా. బిగించలేకపోయా."

చిన్నమేస్త్రి నవ్వలేదు గానీ నవ్వు ఆపుకోవడానికి కష్టపడ్డాడు. సంచిలోని స్పానరు తీసి బల్ల మీద పెట్టాడు.

"అవతలి షెడ్డువాళ్ళకి నువ్వే చెప్పుకో, రేపు నేను రానని. వాళ్ళు తిట్టే తిట్లు కూడా నువ్వే తిను."

"తింటా."

"అయితే చూస్తావేం? అటు చివర పట్టు."

ఇద్దరూ కలిసి గేర్‌బాక్సును ఎత్తి బల్ల మీద పెట్టారు. చిన్నమేస్త్రి నిటారుగా నిలబడి మూత తీశాడు. ఎదుట పెద్దమేస్త్రి వంగి గేర్లు పట్టుకున్నాడు. మధ్యాహ్నానికి ఆయన నడుము పట్టేసి, ఒక చేత్తో వీపు ఒత్తుకుంటూ రెండో చేత్తో పనిచేయసాగాడు. చిన్నమేస్త్రి అది చూశాడు, చూసి మళ్ళీ గేరు పన్ను గోటితో తడిమాడు. పెద్దమేస్త్రి ఇంకాస్త కిందికి వంగాడు.