మెల్పో మెడ మీది దిష్టిపూస

నేను ఒక గాజు కన్నును. నీలం మీద తెలుపు, తెలుపు మీద నల్ల చుక్క. ఏథెన్స్ శివార్లలో ఒక కొలిమిలో పుట్టాను. నన్ను చేసినవాడు అన్నీ పెట్టి రెప్ప ఒక్కటీ మరిచాడు. అందుకే ఎంత భయమేసినా కన్ను మూసుకునే యోగం నాకు లేదు.

దిష్టి మీ సొత్తే అనుకోకండి. మీరు మిరపకాయలు తిప్పితే, గ్రీకులు నాలాంటి నీలి కన్ను తగిలిస్తారు. ముచ్చటైన మనిషి కనబడితే ‘ఫ్తూ, ఫ్తూ, ఫ్తూ’ అని ఉత్తుత్తినే ఉమ్ముతారు. స్టమాతా అనే తల్లి నన్ను కొని, కొత్తగా సినిమాల్లో చేరిన కూతురు మెల్పో గౌను కాలరుకు గుచ్చింది.

అవి వేసవి రాత్రుళ్లు ఆరుబయట తెర కట్టి సినిమాలాడే రోజులు. కొన్నేళ్లకే మెల్పో బొమ్మ లేని గోడ లేదు. అన్నీ నలుపు తెలుపు చిత్రాలే కనుక నా నీలం ఎవరికీ కనబడలేదు. జనం దృష్టిలో నేనొక బొత్తాన్ని.

షూటింగు దీపాల వేడికో ఏమో, మెల్పో చూపు మసకబారింది. ఆ సంగతి తల్లికీ, కూతురికీ, నాకూ మాత్రమే తెలుసు. నిర్మాతకు తెలిస్తే మర్నాడే ఆ గౌను ఇంకో పిల్ల ఒంటిమీద ఉంటుంది. మాటలు తర్వాత స్టూడియోలో కలుపుకునేవారు కాబట్టి సెట్లో సందడికి అడ్డులేదు. మెల్పో ఎక్కడ ఆగాలో అక్కడ, కెమెరా కంట పడకుండా స్టమాతా కూర్చుని ‘ఫ్తూ, ఫ్తూ’ అనేది. కూతురు ఆ చప్పుడు పట్టుకుని నడిచేది. “పాపం, తల్లి ప్రాణం!” అనుకునేవారందరూ. పత్రికలవాళ్లయితే ఆ చూపు ఆత్మలోకి చూస్తుందని రాశారు. ఎదురుగా కుర్చీ ఉందో లేదో ఆ చూపుకు తెలియదని నాకు తెలుసు.

ఒకసారి పిరయస్ రేవులో చిత్రీకరణ. “ఓడ వెళ్లిపోతోంది. పరుగున వచ్చి గట్టు మీద ఆగు, అంతే,” అన్నాడు దర్శకుడు థ్రాసోస్. గట్టు అంచుకు బాగా ఇవతల స్టమాతా పీట వేసుకుంది. మెల్పో పరుగు అందుకుంది.

గట్టు కింద పడవలో చేపలమ్మే ఆవిడ ఒకతె మురిసిపోయింది. “ఎంత చక్కగా ఉన్నావే నా తల్లీ! నా దిష్టే తగిలేను! ఫ్తూ, ఫ్తూ, ఫ్తూ!”

మెల్పో అటు తిరిగింది. “ఆగవే!” అన్న తల్లి కేక ఓడ కూతలో కలిసిపోయింది. నల్లటి నీళ్లు నాకు ఎదురొచ్చాయి. ఆమెకు కనబడలేదు. నాకు కనబడ్డాయి. మూసుకోవడానికి రెప్ప లేదు.

ఆ చేపలావిడే జుట్టు పట్టి పైకి లాగింది. థ్రాసోస్ చప్పట్లు కొడుతున్నాడు. “అద్భుతం! దూకమని నేను చెప్పనే లేదు!”

“పాత్ర దూకమందండీ,” అంది మెల్పో, పళ్లు టకటకలాడుతుంటే.

“ఇంకొక్కసారి! ఈసారి కెమెరా దగ్గరగా పెడతాను.”

మెల్పో వేళ్లు నన్ను గట్టిగా పట్టి మెలిపెట్టాయి. పిన్ను ఊడి రాళ్ల మీద పడ్డాను. స్టమాతా నా వంక చూసింది. నేనూ చూశాను. ఆవిడ మడమ నా మీద దిగింది.

“అయ్యో, పూస పగిలింది! పెద్ద దిష్టే తగిలింది!” అని అరిచింది స్టమాతా.

కెమెరామన్ శిలువ గుర్తు వేసుకుని పెట్టె సర్దేశాడు. మూఢనమ్మకాలు లేవని ఊరంతా చెప్పుకునే థ్రాసోస్ కూడా టోపీ తీశాడు. ఆ తర్వాత మెల్పో రేడియో నాటకాలకు మళ్లింది. అక్కడ గట్లు లేవు.

ఇప్పుడు నేను అతుకులతో సినిమా మ్యూజియంలో ఉన్నాను. వేల అభిమానుల దిష్టికి పగిలానని కింద రాసిపెట్టారు. మడమ మాట ఎవరూ రాయలేదు. మొన్న ముసలి మెల్పో మనవరాలితో వచ్చి, పక్క పెట్టెలో ఎవరో హాస్యనటుడి టోపీ ముందు నిలబడి ఆప్యాయంగా ‘ఫ్తూ, ఫ్తూ’ అంది.

“అమ్మగారూ, ఇక్కడ ఉమ్మకూడదు!” అన్నాడు కాపలావాడు.

ఆమె నొచ్చుకుని తనంతట తానే వెనుదిరిగింది. అటు మెట్లున్నాయి. కిందకు. చెబుదామంటే నాకు కన్నే గాని నోరు లేదు. ఆమె కాలు లేచింది.

మెట్ల దగ్గరి నుంచి మనవరాలి గొంతు వినిపించింది. “ఫ్తూ, ఫ్తూ, ఫ్తూ.”

లేచిన కాలు ఆగింది.

“మీరు కూడానా అమ్మా!” అన్నాడు కాపలావాడు.